గట్టు దాటిన చాప

రాజ్యం బిందె చంకన పెట్టుకుని మంచినీళ్ల ప్లాంటున్న నీలం షెడ్డు దగ్గరికొచ్చేసరికి కుళాయి కట్టేశారు.

ఎవరు కట్టేశారంటే ఎవరూ చెప్పరు. వరసలో ముందున్న మనిషి తన టిన్ను నిండగానే కుళాయి తిప్పేసి, కొంగు సర్దుకుని పక్కకు తప్పుకుంది. వెనకున్నవాళ్లం టిన్నులు కింద పెట్టి ఆకాశం వైపు చూశాం. ఆకాశంలో చూడదగ్గది ఏమీ లేదు. రాజ్యం కుళాయి మీద చెయ్యి వెయ్యలేదు. మా మొహాలు వరసగా చూసింది. మేము వరసగా నీళ్లు నమిలాం. ఆర్వో నీళ్లు మరి, నమలడానికి తియ్యగా ఉంటాయి.

"తాగండమ్మా, తాగండి," అంది రాజ్యం. "నా కూతురి ఊపిరే కదా అది. వడగట్టి మరీ ఇచ్చారు మీకు."

ఖాళీ బిందెతో గట్టు రోడ్డు మీద నడుచుకుంటూ వెళ్లిపోయింది. ఇక ఆమెకు మంచినీళ్లంటే బస్సెక్కి భీమడోలు వెళ్లడమే. కొల్లేరు నడుమ పుట్టిన మనిషి, చుట్టూ కనుచూపు మేరా నీళ్లు, గుక్కెడు నీళ్లకు బస్సు.

దేశంలో రాజ్యం అంటే కోర్టులు, పోలీసులు, కలెక్టరాఫీసు. మా జమ్ములంకలో రాజ్యం అంటే భర్త పోయిన ఒక మనిషి. ఆ పెద్ద రాజ్యం ఎవరి పక్కన నిలబడిందో తరవాత చెబుతాను. ఈ చిన్న రాజ్యం పక్కన మేము నిలబడలేదు. ముందు అది చెప్పాలి.

రాజ్యం కూతురు బిందు. హైవే పక్కన రొయ్యల కంపెనీలో తలలు తీసి, పొట్టు వలిచే హాల్లో పని. మా ఊరి ఆడపిల్లలు, ఉంగుటూరు నుంచి, భీమడోలు నుంచి వచ్చే ఆడవాళ్లు, అందరూ అక్కడే. ఆ రొయ్య మంచుగడ్డలా బిగిసి ఓడెక్కి పోతుంది. దాన్ని బిగించే వాయువు పేరు అమ్మోనియా. పేరులోనే 'అమ్మో' ఉంది, అయినా కంపెనీకి భయం లేదు. గొట్టం తుప్పు పట్టిందని పిల్లలు చెబుతూనే ఉన్నారు. ఒక మధ్యాహ్నం అది పగిలింది. పని మధ్యలో బయటికి పోతారని వెనక తలుపుకు తాళం వేసి ఉంది. అందరూ ముందు తలుపుకు పరిగెత్తారు. గొట్టం పక్కన ఉన్న బిందు అందరికంటే ఆఖరున బయటపడింది. మిగతావాళ్లు దగ్గి బతికారు. బిందు బతికింది గానీ ఊపిరితిత్తులు కాలిపోయాయి. రెండు మాటలు మాట్లాడితే మూడో మాటకు గాలి చాలేది కాదు.

ఇక మా చాప సంగతి.

మా లంకలో తగువు తీర్చేది చాప మీద. ఇంటికో జమ్ము కట్ట తెచ్చి ఊరంతా కలిసి అల్లుతాం. దాని మీద కూర్చున్నవాళ్లు తీర్పరులు. తప్పు చేసినవాడు చాప దిగి, తలగుడ్డ తీసి నిలబడాలి. చాప మీద తేలిన మాట గట్టు దాటకూడదు. స్టేషనూ లేదు, కోర్టూ లేదు. దాటిస్తే వెలి: ఆ ఇంటికి నీళ్లివ్వరు, ఆటో ఎక్కించుకోరు, చావుకు భుజం పట్టరు. వరదొచ్చి ఊరు మునిగిన ఏడాది రైల్వే కట్ట మీద చాప పరిచి తీర్పు చెప్పారు మా పెద్దలు. చాప ఎక్కడుంటే ఊరు అక్కడ. చేపలు నమ్ముకున్నవాళ్లం, చాపను నమ్ముకున్నాం.

ఈ సంగతి కంపెనీ మేనేజరు కిరణ్ కుమార్ బాగా చదువుకుని వచ్చాడు. మా ఊరికొచ్చిన ఏ ఆఫీసరూ చెయ్యని పని చేశాడు. చాప అంచున బూట్లు విప్పి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

"మీ కట్టుబాటు మాకు శిరోధార్యం అండి," అన్నాడు ఊరిపెద్ద వెంకట్రాజు గారితో. "కోర్టులెందుకండి, మీ చాప ఉండగా? జరిగింది ప్రమాదం. ఊరికి మంచినీళ్ల ప్లాంటు పెట్టిస్తాం. ఆ మాట ఇంతటితో అయిపోయిందని చాప మీద ఒక్క ముక్క అనిపించండి చాలు."

వెంకట్రాజు గారి ఛాతీ పొంగింది. ఫారెస్టువాళ్లు కొల్లేటి హద్దు అయిదో కాంటూరని నీళ్ల మీద గీత గీసి మా చెరువు గట్లు పేల్చినప్పుడు ఈయన మాట ఏ అధికారీ వినలేదు. ఇప్పుడు దేశాలు దాటిన కంపెనీ వచ్చి బూట్లు విప్పింది. "ఏమంటారర్రా?" అన్నారు మా వైపు తిరిగి. కొల్లేటి నీళ్లు తాగి తాగి పళ్లు పసుపెక్కినవాళ్లం. "అయిపోయిందండి," అన్నాం, ఒక్క గొంతుతో. రాజ్యం అప్పుడు ఏలూరు ఆస్పత్రిలో బిందు మంచం పక్కన ఉంది. ఆమె లేకుండానే ఆమె కడుపుకోత అయిపోయింది.

రాజ్యం ఆస్పత్రి నుంచి వచ్చి, కంపెనీ కట్టిన నీలం షెడ్డు చూసింది. మర్నాడే ఏలూరు కోర్టుకు వెళ్లి ఉషశ్రీ అనే లాయరమ్మ చేత కేసు వేయించింది. గట్టు దాటింది. అందుకని కుళాయి కట్టేశాం.

కేసు వాయిదా రోజున వెంకట్రాజు గారిని కంపెనీ కారు పంపి మరీ తీసుకెళ్లారు. మేము కొందరం చిట్టిబాబు ఆటోలో వెనకే వెళ్లాం. కోర్టు హాల్లో కంపెనీ లాయరు లేచి చెప్పడం మొదలుపెట్టాడు. ఈ ఫ్యాక్టరీ ఇక్కడి పిల్ల కంపెనీదట. పిల్లకు బోర్డు తప్ప ఆస్తి లేదట. దాని తల్లి కంపెనీ ఏదో దీవిలో ఉంది, ఆ దీవి మా కొల్లేరంత కూడా లేదు. ఆ తల్లికి ఇంకో తల్లి, ఇంకో మహానగరంలో. లాభం వస్తే అమ్మమ్మ ఒళ్లో పడుతుంది. నేరం వస్తే అమ్మమ్మకు అసలు మనవరాలే పుట్టలేదు. దాన్ని హోల్డింగ్ కంపెనీ అంటారట. పట్టుకోవడం దాని పేరు, పట్టుబడకపోవడం దాని పని. కొల్లేటి చాంతాడు చాలా పొడుగని మేం అనుకునేవాళ్లం. ఇది సముద్రం దాటి ఇంకా సాగుతోంది.

"కాబట్టి అసలు యజమానిని ఇక్కడికి పిలిచే పరిధి ఈ కోర్టుకు లేదు," అన్నాడు లాయరు. "అదీగాక, ఫిర్యాదుదారు సొంత ఊరే తన కట్టుబాటు ప్రకారం దీన్ని ముగించింది. ఊరిపెద్ద ఇక్కడే ఉన్నారు."

వెంకట్రాజు గారు లేచి తలూపారు.

ప్రభుత్వం తరఫు లాయరు నసిగాడు. ఫ్యాక్టరీ మూయిస్తే, మన దేశం ఆ దేశంతో రాసుకున్న పెట్టుబడి ఒప్పందం ఉంది కదా, దాని ప్రకారం ఆ అమ్మమ్మ కంపెనీ మన దేశాన్నే పరాయి దేశంలో ఒక గదిలోకి ఈడుస్తుందట. అక్కడ ముగ్గురు కూర్చుని తేలుస్తారట. కాబట్టి ఆచితూచి వెళ్లాలట. అదీ పెద్ద రాజ్యం నిలబడిన చోటు. వాయిదా పడింది.

కోర్టు వరండాలో చిట్టిబాబు ఉండబట్టలేక అడిగేశాడు. "ఆ గదిలోకి మన రాజ్యమక్క వెళ్లి చెప్పుకోవచ్చాండి, లాయరమ్మ గారూ?"

"వీల్లేదు. కంపెనీ దేశం మీద కేసు వెయ్యొచ్చు. కాలిపోయిన మనిషి అక్కడ కంపెనీ మీద వెయ్యడానికి లేదు."

"మన దేశం ఆ ముగ్గురి మాట వినకపోతే?"

"మనకు ఎవరూ అప్పివ్వరు, పెట్టుబడి పెట్టరు అని బెదిరిస్తారు."

"అంటే దేశానికి కూడా వెలేనాండి?" అన్నాడు చిట్టిబాబు.

ఎవరికీ నవ్వు రాలేదు. ఉషశ్రీ ఫైలు మూసి వెంకట్రాజు గారి వైపు తిరిగింది.

"పెద్దాయనా, మీ ఊరి మాట గట్టు దాటకూడదు అంటారు. వాళ్లూ అదే అంటున్నారు, మీ కోర్టు గట్టు దాటి మా దగ్గరికి రాకూడదని. మీ గట్టు లోపల రాజ్యం గారు ఉన్నారు. వాళ్ల గట్టు లోపల వాళ్ల ఆస్తి ఉంది. రెండు గట్లూ కలిసి ఎవర్ని కాపాడుతున్నాయో చూసుకోండి."

"మా చాప తాతల నాటిదమ్మా. నువ్వు నిన్న గాక మొన్న నల్లకోటు వేసుకున్నావు."

"తాతల నాటిదే. దాన్ని వాళ్లు గుమ్మంలో కాళ్లు తుడుచుకునే పట్టా చేసుకున్నారు. అందుకే బూట్లు విప్పాడండి ఆ మేనేజరు."

వెంకట్రాజు గారికి కోపం వచ్చింది. తిరిగి వచ్చేటప్పుడు కంపెనీ కారెక్కలేదు, మా ఆటోలో ఇరుక్కుని కూర్చున్నారు. కానీ వెలి ఎత్తెయ్యలేదు. మేమూ అడగలేదు. ఇంటికెళ్లి, చల్లటి ఆర్వో నీళ్లు తాగాం.

అక్కడితో ఆగినా మా పాపం చిన్నదే అయ్యేది.

ఎండ నడినెత్తిన ఉంది. ఆటో స్టాండులో మేమంతా ఉన్నాం. రాజ్యం చెప్పుల్లేకుండా పరిగెత్తుకొచ్చింది.

"చిట్టిబాబూ, బిందుకి గాలాడట్లేదురా. ఆటో తియ్యి. ఏలూరు తీసుకెళ్లాలి."

చిట్టిబాబు చేతిలో తాళం ఉంది. తాళం పెట్టే చోటు జానెడు దూరంలో ఉంది. వాడు రాజ్యం వైపు చూడలేదు. మా వైపు చూశాడు.

"తియ్యమంటారాండి?"

'తియ్యరా' అనడానికి ఒక్క నోరు చాలు. అక్కడున్న నోళ్లన్నీ ఊరికే ఉన్నాయి. పక్కవాడంటాడేమో అని చూశాం. పక్కవాడు మమ్మల్ని చూశాడు. ఎవరో "పెద్దాయన్ని ఓ మాట అడిగొస్తా," అని పరిగెత్తాడు. మేము దాన్ని సాయం అనుకున్నాం. రాజ్యం దణ్ణం పెట్టలేదు, తిట్టలేదు. వెనక్కి పరిగెత్తి కూతుర్ని భుజాన వేసుకుని తనే మోసుకొచ్చింది. బిందు పెదాలు నల్లబడ్డాయి. మమ్మల్ని పేరు పేరునా గుర్తుపట్టి చూస్తోంది. పలకడానికి గాలి లేదు.

వెంకట్రాజు గారు అన్నం తింటున్న చేత్తోనే వచ్చారు. "అడగడానికి వచ్చారేంట్రా, ఎదవల్లారా. తియ్యండి ఆటో."

ఆటో తీశాడు. చిట్టిబాబు ఎన్నడూ తోలనంత జోరుగా తోలాడు. భీమడోలు గేటు పడి ఉంది. గూడ్సు బండి కదిలి వెళుతోంది, తాపీగా. ఆ బండి తోక కనబడే లోపలే బిందు పోయింది, తల్లి ఒళ్లో.

కంపెనీ సగం చంపింది. మిగతా సగం మేము చంపాం. మా సగానికి మాకు గొట్టాలు, వాయువులు ఏమీ అక్కర్లేకపోయింది.

మర్నాటి పొద్దున ఎవరూ పిలవకుండానే ఊరంతా రాజ్యం గుమ్మం ముందు చేరింది. వెలివేసిన ఇంటి శవానికి భుజం పట్టకూడదు. అయినా మగాళ్లు పాడె కట్టడానికి వెదుళ్లు తెచ్చారు. రాజ్యం గుమ్మానికి అడ్డంగా కూర్చుంది.

"పాడె తరవాత ఎత్తుదురు గాని," అంది. "ముందు చాప ఎత్తండి. నాకు ఫిర్యాదు ఉంది."

"చెప్పమ్మా, ఇక్కడే పరుస్తాం," అన్నారు వెంకట్రాజు గారు.

"ఇక్కడ కాదు. నా పిల్ల ఊపిరి పోయిన చోట. కంపెనీ గేటు ముందు."

"చాప గట్టు దాటదు, రాజ్యం."

"వరదలో రైల్వే కట్ట మీదికి దాటలేదా, బాబాయ్?"

"అప్పుడు ఊరు మునిగిందమ్మా."

"ఇప్పుడు మునగలేదా?"

వెంకట్రాజు గారు వెనక్కి తిరిగారు. రచ్చగదిలోకి వెళ్లి చుట్టి పెట్టిన చాపను తన భుజానికే ఎత్తుకున్నారు.

ముందు చాప, వెనక పాడె, ఆ వెనక ఊరు. ఆడవాళ్లు నీలం షెడ్డు దగ్గర ఆగి బిందెలు నింపుకున్నారు. దాహానికి అనుకున్నాం. దారిలో ఎండ కాస్తోంది, ఎవరూ చుక్క తాగలేదు.

కంపెనీ గేటు ముందు చాప పరిచాం. పాడె పక్కన దించాం. పొద్దుటి షిఫ్టుకు వస్తున్న ఆడవాళ్లు, తలకు ప్లాస్టిక్ టోపీలు, చేతుల్లో టిఫిన్ డబ్బాలు, గేటు దగ్గర ఆగిపోయారు. బిందు పక్కన కూర్చుని రొయ్య వలిచినవాళ్లే అందరూ.

పెద్దలు ముందు, ఊరివాళ్లం వెనక చాప మీద కూర్చున్నాం. రాజ్యం ఎదురుగా నిలబడింది.

"నా ఫిర్యాదు ముందు నా ఊరి మీద," అంది. "నేను లేనప్పుడు నా మాట అయిపోయిందన్నారు. నా ఇంటికి నీళ్లు కట్టేశారు. నా పిల్ల కొట్టుకుంటుంటే ఆటోకి అనుమతి అడిగారు. చెప్పండి."

వెంకట్రాజు గారు లేచారు. చాప దిగారు. తలగుడ్డ తీసి చేత పట్టుకున్నారు. ఆ తల బోడిదని అప్పుడే చూశాం. "తప్పు నాది," అన్నారు. "ప్లాంటుకి కాదురా, ఆ బూట్లకి పడిపోయాను. నన్నొకడు గౌరవించాడనుకున్నాను."

"నాదండి," అని చిట్టిబాబు ఆటో తాళం చాప మీద పడేసి పక్కకు వెళ్లి నిలబడ్డాడు. ఆ పక్కన కూర్చున్న ఇంకో పెద్దమనిషి దిగాడు. కుళాయి తిప్పిన మనిషి దిగింది. స్టాండులో నోరు ఉన్న ప్రతివాడూ దిగాడు. మేమూ దిగాం. అందరం ఒకే వైపు నిలబడి చూస్తే చాప ఖాళీగా ఉంది.

ఊరంతా ముద్దాయిలే. తీర్పు చెప్పడానికి ఒక్క మనిషి మిగల్లేదు. చాప పుట్టిన నాటి నుంచి అలా జరగలేదు. ఏం చెయ్యాలో ఎవరికీ తెలియలేదు. గాలికి చాప అంచు లేచి పడుతోంది.

షిఫ్టుకు వచ్చిన వాళ్లలోంచి సరోజ ముందుకొచ్చింది. ఉంగుటూరు మనిషి, ఆదివారం చర్చిలో పాటలు ఎత్తుకునే గొంతు. చెప్పులు విప్పింది.

"ఇది మీ ఊరి చాప. నేను మీ ఊరిదాన్ని కాదు, మీ కులం కాదు," అంది. "ఆ పిల్ల నా పక్కన కూర్చునేది. నేను కూర్చోవచ్చా?"

రాజ్యం వంగి చాప అంచు దులిపింది. "కూర్చో అక్కా."

సరోజ కూర్చుంది. ఆమె పక్కన భీమడోలు వాళ్లు కూర్చున్నారు. ఏలూరు నుంచి వచ్చేవాళ్లు కూర్చున్నారు. చాప నిండింది. చోటు చాలనివాళ్లు టోపీలు తీసి, నడుముకు కట్టుకున్న ప్లాస్టిక్ పట్టాలు విప్పి చాప అంచుకు ఆనించి పరిచి కూర్చున్నారు. చాప పెరుగుతూ గేటు దాకా పోయింది. లోపల రొయ్య వలిచే బల్లలన్నీ ఖాళీ.

అప్పుడు కిరణ్ కుమార్ బయటికొచ్చాడు. అలవాటుగా చాప అంచున బూట్లు విప్పేశాడు. విప్పాక తలెత్తి చూశాడు. కూర్చున్నవాళ్లు మారారు.

"అమ్మా, మీ బాధ అర్థమైంది. కానీ ఇది నా చేతిలో లేదండి. అంతా హెడ్డాఫీసు. మన దేశం పరిధిలో కూడా లేదు."

"రొయ్య ఏ దేశంలో వలిచాం సార్?" అంది సరోజ.

"ఇక్కడే."

"గొట్టం ఏ దేశంలో పగిలింది?"

"ఇక్కడే గానీ, అగ్రిమెంటు ప్రకారం..."

"వెనక తలుపు తాళం ఏ దేశంలో వేశారు?"

ఈసారి నీళ్లు నమలడం కిరణ్ కుమార్ వంతయింది.

"అయితే నేరం ఇక్కడే ఉంది," అంది సరోజ. "మనిషే దేశాలు దాటి దాక్కున్నాడు. దాక్కున్నవాడి కోసం నేరాన్ని అక్కడికి మొయ్యం. వాణ్ణే ఇక్కడికి పిలుస్తాం. మీ ఓనరు వచ్చి ఈ చాప ముందు, ఏలూరు కోర్టు ముందు నిలబడే దాకా ఒక్క రొయ్య తల తియ్యం. జమ్ములంక వాళ్ల సంగతంటారా? వాళ్ల తప్పు సగం. ఆ నీళ్లు ఇంక తాగకూడదు. రాజ్యం వెనక నడవాలి, ఎంత దూరమైనా. అంతే."

రాజ్యం ముందు తన బిందె తీసుకుంది. అది ఖాళీ. దాన్ని గేటు ముందు బోర్లించింది. మా ఆడవాళ్లు వెనకే వెళ్లి నిండు బిందెలు ఒంపేశారు. ఆశపడి తెచ్చుకున్న నీళ్లకే నీళ్లొదులుకున్నాం. కంపెనీ గుమ్మం తడిసి, కాలవై హైవే మీదికి పారింది.

ఆ తడిలోనే పోలీసు జీపు ఆగింది. ఎస్సై దిగాడు. "లేవండి, లేవండి. ఈ హైవే నా పరిధి. అందర్నీ లోపలేస్తాను."

"హమ్మయ్య," అన్నారు వెంకట్రాజు గారు. "పరిధి ఉన్నవాడు ఒక్కడు దొరికాడు. రాసుకోండి బాబూ. బిందు అనే పిల్లని చంపినవాళ్లలో నేనొకణ్ణి. నేరం ఒప్పుకుంటున్నాను."

"నేను కూడానండి," అన్నాడు చిట్టిబాబు.

మేమంతా అన్నాం. ఈసారి పక్కవాడి కోసం చూడలేదు.

ఎస్సై కలం తీసి ఆగాడు. "నేనొచ్చింది రోడ్డు కేసుకి. మీరు చావు కేసు చెబుతారేంటయ్యా?"

"రోడ్డుది కూడా రాసుకోండి. ముందు ఇది. మా వంతు సగం ఒప్పుకుంటున్నాం. మాది రాస్తే మిగతా సగం ఎవరిదో కూడా రాయాలి మీరు."

ఎస్సై గేటు వైపు చూశాడు. గేటు మూసి ఉంది. కిరణ్ కుమార్ ఎప్పుడు లోపలికి పోయాడో, వట్టి కాళ్లతో పోయాడు. చాప అంచున నల్ల బూట్లు పక్కపక్కనే ఉన్నాయి, తళతళా మెరుస్తూ.

"ఇవెవరివి?"

"ముద్దాయివండి," అంది రాజ్యం. "మనిషి లేడు గానీ బూట్లు మీ పరిధిలోనే ఉన్నాయి. రాసుకోండి."

మా మగాళ్లను వ్యాన్లు ఎక్కించారు. వెంకట్రాజు గారు తలగుడ్డ చుట్టుకోకుండానే ఎక్కారు. బిందును ఉంగుటూరు, భీమడోలు, ఏలూరు ఆడవాళ్లు భుజాల మీద ఎత్తుకున్నారు. ఆడవాళ్లు పాడె మొయ్యకూడదన్న కట్టుబాటు ఒకటి ఉందని ఆ రోజు ఎవరికీ గుర్తురాలేదు.

మిగతావాళ్లు బెయిలు మీద బయటికొచ్చారు, వెంకట్రాజు గారు ఇంకా జైల్లోనే ఉన్నారు. బెయిలు కాయితం మీద సంతకం పెట్టనంటున్నారు. 'ఊరే ముగించేసింది' అన్న మాట కంపెనీ లాయరు ఇక కోర్టులో అనలేడని ఉషశ్రీ చెప్పింది. పరిధి మీద వాదన ఇంకా నడుస్తోంది. చాప మా ఊరికి తిరిగి రాలేదు. అది సరోజ దగ్గర ఉంది. ఊరూరా ఇంటికో జమ్ము కట్ట అడిగి, అంచులు కలిపి అల్లుతున్నారు. సోమవారం నాడు ఏలూరు కలెక్టరాఫీసు ముందు పరుస్తారు.

నీలం షెడ్డుకు తాళం వేశాం. మంచినీళ్లకు ఇప్పుడు మేమూ భీమడోలు వెళుతున్నాం, రాజ్యం వెళ్లిన దారినే. చిట్టిబాబు ఆటోకి బాడుగ తీసుకోవడం లేదు, అయినా చాలామంది నడిచే వస్తారు. గట్టు రోడ్డు మీద టిన్ను భుజం కోస్తుంది. భుజం మార్చుకుంటాం గానీ దించం. ముందు రాజ్యం నడుస్తుంది, బిందె చంకన పెట్టుకుని.

ఆమె ఇంకా మాతో మాట్లాడటం లేదు. వెనక్కి తిరిగి మేం వస్తున్నామో లేదో మాత్రం చూస్తుంది.

వస్తున్నాం.